పల్టీ నేర్చినవాడు ఆటకు కూర్చోడు

పత్తాల విద్య, అంటే పేకముక్కలతో చేసే మ్యాజిక్, నేర్చుకుంటామని వచ్చేవాళ్లు నన్ను అడిగే మొదటి ప్రశ్న, ఎన్నాళ్లు పడుతుందని. చేతికి రావడానికి రెండేళ్లు, చేతికి వచ్చిందన్న సంగతి మరిచిపోవడానికి ఇంకో నాలుగేళ్లు అంటాను. సగం మంది అక్కడే లేచి చెప్పులు వేసుకుంటారు. మిగిలిన సగం మంది కోసం ఇది రాస్తున్నాను.

దాదాపు ఇరవై ఏళ్లు నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల్లో మ్యాజిక్ చేసి బతికాను. బడుల్లో చేశాను, వారానికోసారి జరిగే అంగళ్లలో చేశాను, పెళ్లిళ్లలో వంట ఆలస్యమైతే చుట్టాలను కూర్చోబెట్టడానికి చేశాను. ఎవరెవరు శాలువాలు కప్పారో రాయను. అవి చాలానే వచ్చాయి, మా ఆవిడ వాటిని బియ్యం డబ్బాల మీద కప్పుతుంది. నేను రాసేది ఒకే ఒక్క చేతివాటం గురించి, దాన్ని నేర్చుకోవడంలోనూ నేర్పడంలోనూ నేను చేసిన తప్పుల గురించి.

ఒక సంగతి ముందే చెప్పాలి. నేను కుదురైన మనిషిని కాను. ఈ రెండు పేరాలు రాసేలోపే మూడుసార్లు లేచాను. చేతిలో పత్తాల కట్ట లేకపోతే బస్సు టికెట్టుతోనో, పెళ్లి పత్రికతోనో ఆడుతుంటాను. ఒక ఆదివారం చర్చిలో మోకరించినప్పుడు జేబులోంచి కట్ట జారి పాస్టరు గారి కాళ్ల ముందు పరుచుకుంది. ఆటీను రాణి వెల్లకిలా పడింది. ఆ రోజంతా మా ఆవిడ నాతో మాట్లాడలేదు.

పల్టీ అంటే ఏమిటి

చూసేవాళ్లలో ఒకరు కట్టలోంచి ఒక పత్తా తీసి చూసుకుంటారు. దాన్ని మళ్లీ కట్ట మధ్యలో పెడతారు. అది ఎక్కడో కలిసిపోయిందని అందరూ అనుకుంటారు. కానీ మన చిటికెన వేలు ఆ పత్తా దగ్గర గింజంత సందు పట్టి ఉంచుతుంది. కుడిచెయ్యి కట్ట మీదికి వచ్చి పోయే అరక్షణంలో పై సగం కిందికీ, కింది సగం పైకీ మారిపోతాయి. వాళ్లు చూసుకున్న పత్తా కట్ట మీదికి వచ్చేస్తుంది. ఇంగ్లీషు పుస్తకాల్లో దీన్ని పాస్ అంటారు. నాకీ విద్య నేర్పిన ఉస్తాద్ పల్టీ అనేవారు.

చదివితే ఇంతే. చేయబోతే పత్తాలు నేలంతా పరుచుకుంటాయి. మొదటి ఆరునెలలు నేను చేసిన పనంతా వంగి పత్తాలు ఏరుకోవడమే. వీపు నొప్పికి మందు రాసుకున్నాను గాని మానుకోలేదు. మా నాయిన కేతేపల్లిలో కూలికి పోయి నన్ను హాస్టల్లో పెట్టి చదివించాడు, నేను టీచరు కావాలని ఆయన ఆశ. ఇంటర్ సగంలో వదిలేసి పత్తాలు ఏరుకుంటున్న కొడుకును చూసి ఆయన తిట్టలేదు. అంతకన్నా తిడితే బాగుండేది.

కల్వకుర్తిలో మూడేళ్లు

ఎనభైల మొదట్లో కల్వకుర్తి చేరాను. అక్కడ ఖాసీం సాబ్ అని ఒకాయన పెళ్లిళ్లకు పెట్రోమాక్స్ లైట్లు కిరాయికి ఇచ్చేవారు. మ్యాజిక్ ఆయనకు రెండో పని. లైట్లు పెట్టడానికి పోయిన పెళ్లిలోనే ఆటా చేసి వచ్చేవారు. నల్లగొండలో ఎవరో ఆయన పేరు చెబితే బస్సెక్కి పోయి దుకాణం ముందు నిలబడ్డాను. ఆయన నా మొహం చూడలేదు. చేతులు చూపమన్నారు. గోళ్లు కత్తిరించుకుని రమ్మన్నారు. అంతే, అదే నా అడ్మిషన్.

ఆయన బోధన ఏమీ ఉండేది కాదు. ఆరునెలలకు ఒక మాట చెప్పేవారు, దాన్ని నేను ఆరునెలలు నమిలేవాణ్ని. కొత్త కట్టతో సాధన చేయనిచ్చేవారు కాదు. ఊళ్లో ఆడి ఆడి చెమటకు ఉబ్బిపోయిన పాత పత్తాలు తెప్పించి వాటితోనే చేయమనేవారు. నీ కట్టతో నీ విద్య చూపితే ఎవరూ నమ్మరు, వాళ్ల కట్టతో చూపు అనేవారు. ఇది బంగారం లాంటి మాట. పట్నంలో నున్నటి పత్తాలతో నేర్చుకున్న వాళ్లను నేను చూశాను. ఊరికి వచ్చి, ఎవరో బనీను జేబులోంచి తీసిచ్చిన పత్తాలు పట్టుకునేసరికి వాళ్ల వేళ్లు కొయ్యబారిపోయేవి.

నాకు ఓపిక లేదు. నెలకే ఆట చేస్తానని, రెండు నెలలకే వెళ్లిపోతానని గొడవ చేసేవాణ్ని. నిజంగానే రెండుసార్లు వెళ్లిపోయి, దేవరకొండ దాకా పోయి, మళ్లీ వచ్చాను. ఆయన ఎక్కడికి పోయావని కూడా అడగలేదు. చేతికి లైటు గాజు ఇచ్చి తుడవమన్నారు.

అద్దం చేసిన మోసం

రెండేళ్లయ్యాక పల్టీ నాకు వచ్చేసిందని అనుకున్నాను. అద్దం ముందు కూర్చుని చేసుకునేవాణ్ని. అద్దంలో ఎంత చూసినా కట్ట కదిలినట్టు కనిపించేది కాదు. నా అంతటివాడు లేడనిపించింది. అంగట్లో చేసి చూపిస్తే ముందు వరుసలో ఉన్నవాళ్లు నవ్వారు. గొర్లకాపరి ఒకాయన, చెయ్యి కింద ఏదో మెదిలిందని మర్యాదగానే చెప్పాడు. ఇంటికొచ్చి మళ్లీ అద్దం ముందు చేశాను. ఏమీ మెదల్లేదు. జనానికి కళ్లు సరిగా లేవనుకున్నాను, ఆ వయసులో బుర్ర అట్లా ఉండేది.

ఖాసీం సాబ్ భార్య బీబమ్మ దర్జీలకు కాజాలు కుట్టేది. రోజంతా ఒళ్లో చొక్కాలు పెట్టుకుని, బొత్తాం దూరే ఆ చిన్న సందుల చుట్టూ సూది నడుపుతూ, పక్కింటావిడతో కబుర్లు చెబుతూ ఉండేది. సూది వంక చూడడం నేనెప్పుడూ ఎరగను. ఆ రోజు నేను అద్దం ముందు విసుక్కుంటుంటే చొక్కా పక్కన పెట్టి కొంచెంసేపు నన్నే చూసింది.

"నువ్వు అద్దంల ఏం చూస్తున్నవ్ బిడ్డా? ఆ పత్తాలు తిరగవడేటప్పుడు కండ్లు మూస్తున్నవ్" అంది.

నమ్మలేదు. మళ్లీ చేశాను. ఆమె వేలు పెట్టి నా రెప్పలు చూపించింది. సరిగ్గా పల్టీ పడే క్షణంలో నా కళ్లు మూసుకుంటున్నాయి. రెండేళ్లుగా నేనే చూడని క్షణం ఎవరికీ కనిపించడం లేదని మురిసిపోతున్నాను. ఈ తప్పు మా పనిలో ఉన్నవాళ్లే చేస్తారు, చాలా మంది చేస్తారు, ఒప్పుకునేవాళ్లు తక్కువ. తప్పు చేస్తున్నామన్న భయం చేతిలోంచి కంటికి పోతుంది. అద్దం పారేయండి అని చెప్పను. కానీ కాజాలు కుట్టేవాళ్ల పక్కన కూర్చోండి. వాళ్ల వేళ్లు ఒకటి చేస్తుంటాయి, కళ్లు ఇంకోచోట ఉంటాయి, రెండింటికీ తగాదా ఉండదు.

రెప్ప వాల్చకుండా పల్టీ వేయడానికి నాకు ఇంకో ఏడాది పట్టింది.

కట్ చేయడం వాళ్ల హక్కు

పుస్తకం రాసినవాళ్లకు మన ఊళ్లు తెలియవు. పుస్తకంలో చూసేవాళ్లు పత్తా తీసుకుంటారు, తిరిగి పెడతారు, నోరు మూసుకుని కూర్చుంటారు. మన దగ్గర అట్లా కాదు. పత్తాలు కలిపినవాడు ఎవరైనా సరే, పక్కవాడు కట్ చేయాలి. కట్టను రెండుగా విడదీసి కింది భాగాన్ని పైన పెట్టాలి. అది అయితే తప్ప ఆట మొదలు కాదు. రెప్ప నిలిచాక నేను మొదటిసారి కల్వకుర్తి అంగట్లో పల్టీ వేసి, పత్తా పైకి తెచ్చుకుని గర్వంగా చేయి చాపానో లేదో, ఒకాయన చెయ్యి పెట్టి కట్ చేసేశాడు. నా పత్తా మళ్లీ మధ్యలోకి పోయింది. ఆ రోజు నేను చెప్పిన అబద్ధాలు ఇప్పటికీ నాకు సిగ్గు.

ఖాసీం సాబ్ ఆ సంగతి విని చాలాసేపు నవ్వారు. కట్ చేయొద్దని చెప్పకూడదు, అది వాళ్ల హక్కు, కట్ చేయించుకుని ఆ తర్వాతే పల్టీ వేయమన్నారు. వాళ్లు కట్ చేసిన చోట చిటికెన వేలు పెట్టి, కట్టను చేతిలోకి తీసుకునే కదలికలోనే పల్టీ వేస్తే వాళ్లు చేసిన కట్ చేయనట్టే అయిపోతుంది. వాళ్ల చేతులతోనే వాళ్లను నమ్మించడం అన్నమాట.

అది నేర్పిన రోజే ఆయన నాతో ఒట్టు వేయించుకున్నారు. పల్టీ నేర్చినవాడు జీవితంలో పత్తాలాటకు కూర్చోకూడదు. పండుగకు, సరదాకు, పెళ్లిలో బామ్మర్దులతో కూడా వద్దు. ఆడేవాడికి నేర్పకూడదు. ఎందుకో నాకు చెప్పనక్కర్లేదు. కట్ చేసినా పత్తా తన దగ్గరికి తెచ్చుకోగలిగినవాడు ఆటలో కూర్చుంటే, గెలిచినా ఓడినా వాడి మీద నమ్మకం ఉండదు. మొదటి సగం ఒట్టు నేను ఇప్పటిదాకా తప్పలేదు. రెండో సగం గురించే ఇదంతా.

మధ్యలో ఒక హెడ్మాస్టరు గారి గురించి చెప్పాలి. మహబూబ్‌నగర్ దగ్గర ఒక బడిలో ఆయన నన్ను పత్తాలు బయటికి తీయనివ్వలేదు. పిల్లలకు పేకాట నేర్పుతావా అన్నారు. ఇది ఆట కాదు సార్, విద్య అని నేను వాదించాను. ఆయన వినలేదు, తాడు, రుమాలు, గ్లాసులతో చేసుకొమ్మన్నారు. అప్పట్లో ఆయన్ని మూర్ఖుడనుకున్నాను. ఇప్పుడట్లా అనుకోవడం లేదు.

చూపించుకోవాలన్న దురద

ఈ విద్యలో ఒక బాధ ఉంది, దాన్ని ఎవరూ ముందు చెప్పరు. బాగా చేస్తే ఎవరికీ తెలియదు. పాట పాడినవాడికి చప్పట్లు పాటకే వస్తాయి. పల్టీ వేసినవాడికి చప్పట్లు పత్తా దొరికినందుకు వస్తాయి, పల్టీకి రావు. ఎనిమిదేళ్లు చేతులు అరగదీసుకుని నేర్చుకున్న ఆ అరక్షణాన్ని ఒక్కడంటే ఒక్కడు చూడలేదు. చూడకపోవడమే గెలుపు అని తెలుసు. తెలిసినా లోపల పీకుతూనే ఉంటుంది. ఒక్కరికైనా చూపించి, చూశావా, ఇది నా పని అని చెప్పుకోవాలనిపిస్తుంది.

సత్తయ్యకు చూపించాను.

కొల్లాపూర్ దగ్గర ఒక ఊరు, పేరు రాయను. అక్కడ సత్తయ్య కిరాయి సైకిళ్ల దుకాణం నడిపేవాడు. నా ఈడువాడే. ఆ దిక్కు బడుల్లో ప్రదర్శనలకు పోయినప్పుడల్లా వాళ్లింట్లోనే దిగేవాణ్ని. నాలాగే కుదురు లేని మనిషి, ఎప్పుడూ చువ్వలు బిగిస్తూ, ట్యూబులు అతికిస్తూ ఉండేవాడు. వేళ్లలో మంచి పదును ఉంది. ఒక మధ్యాహ్నం వానకు బస్సు రాలేదు. దుకాణంలో కూర్చుని పత్తాలు తిప్పుతుంటే అదృష్టం మీద నడిచే ఆట నీది అన్నాడు. అదృష్టమన్న మాట నాకు కాలింది. నెమ్మదిగా, విడివిడిగా, మొత్తం చూపించాను. అతను నోరు తెరిచి చూస్తుంటే నాకెంత సంతోషమైందో చెప్పలేను. మళ్లీ చూపించమన్నాడు. మళ్లీ చూపించాను. తర్వాత పోయిన ప్రతిసారీ తన చేతులు చూపి సరిచేయమనేవాడు. నేను సరిచేసేవాణ్ని. రెప్పల సంగతి కూడా చెప్పాను.

అతను దీపావళికి అరుగు మీద పత్తాలాడతాడని నాకు తెలుసు. తెలియదని రాసుకోవచ్చు, కానీ తెలుసు.

పంచాయతీ ఆఫీసు వరండా

తొంభైల మొదట్లో ఒక దీపావళి పోయిన మూడో రోజు ఆ ఊరి బడిలో నా ఆట ఉంది. బస్సు దిగగానే సర్పంచ్ మనిషి ఎదురొచ్చి, సార్ రమ్మంటున్నాడన్నాడు. పంచాయతీ ఆఫీసు వరండాలో ముప్పై నలభై మంది ఉన్నారు. ఒక పక్క సత్తయ్య. ఇంకో పక్క ఎల్లయ్య.

ఎల్లయ్య ఆ ఊరి నీరటి. అంటే చెరువు తూము తెరిచి, ఎవరి మడికి ఎంతసేపు నీళ్లు పారాలో చూసేవాడు. అరవై దాటిన మనిషి. ఆ పనికి కావలసింది బలం కాదు, మాట. నీ వంతు అయిపోయిందని ఆయన అంటే అయిపోయినట్టే. పెద్ద రైతూ వినాలి, చిన్న రైతూ వినాలి. అటువంటి మనిషి పండుగ ఆటలో అల్లుడు పెట్టిన చేతి గడియారం ఓడిపోయాడు. పోయింది గడియారమే. కానీ ఆయన అందరి ముందూ సత్తయ్యతో, నేను చేసిన కట్‌ను నువ్వు చెడగొట్టినవ్, నా కండ్లతో చూసిన అన్నాడు. ఇంత మాట ఊరికే పోదు. నిజమైతే సత్తయ్యను ఊళ్లో ఎవరూ దగ్గరికి రానివ్వరు. అబద్ధమైతే ఎల్లయ్య నోటికి విలువ ఉండదు, విలువ లేని నోటితో తూము దగ్గర నిలబడలేడు.

సర్పంచ్ నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, కట్ చేసినంక కూడా పత్తా పైకి తెచ్చుడు అయితదా అని అడిగాడు. అవుతుంది, కానీ ఏళ్లు పడుతుందన్నాను. నేను ఇంకేం చెప్పకముందే సత్తయ్యే లేచాడు. నిలకడగానే మాట్లాడాడు. నా వైపు చెయ్యి చూపి, దావీదన్న తనకు జర చూపెట్టిండనీ, తన చేతికి రాలేదనీ, కావాలంటే అందరి ముందూ చేస్తాననీ అన్నాడు. ఎవరో పత్తాలు తెచ్చారు. ఎల్లయ్యతోనే కట్ చేయించారు.

సత్తయ్య పల్టీ వేశాడు. పత్తాలు సగం జారి వరండా మెట్ల మీద పడ్డాయి. జనం గొల్లుమన్నారు. మళ్లీ వేశాడు. మళ్లీ పడ్డాయి. ఈ చేతులతో మోసం చేసిండా అని ఎవరో అన్నారు, ఇంకా నవ్వారు.

నేను నవ్వలేదు. నేర్చుకునేవాడి చేతిలో కట్ట జారితే ముందు చిటికెన వేలు వదిలేస్తుంది, కట్టంతా ఒకేసారి పగులుతుంది. సత్తయ్య చిటికెన వేలు సందును వదల్లేదు. పై సగం మాత్రమే జారింది, అదీ రెండుసార్లూ ఒకే చోట. అతని కళ్లు చూశాను. రెప్ప వాలలేదు. చేతకానివాడు అట్లా పడేయలేడు. అంత బాగా చేతకానట్టు చేయాలంటే విద్య పూర్తిగా వచ్చి ఉండాలి. నా కన్నా బాగా వచ్చిందని కూడా అనిపించింది, సిగ్గులేకుండా చెబుతున్నాను, ఆ క్షణంలో ఒక ఉస్తాదుకు కలిగే గర్వమే ముందు కలిగింది. ఆ తర్వాతే ఎల్లయ్య గుర్తొచ్చాడు.

సర్పంచ్ నా వైపు తిరిగాడు.

"నువ్వు చెప్పు దావీదు. ఈ పనిల ఉన్నోనివి. గీయనకు వస్తదా, రాదా?"

వచ్చు అంటే జర చూపించడం కాదు, పూర్తిగా నేర్పానని తేలుతుంది. మోసగాళ్లకు నేర్పేవాడని పేరొస్తే కొల్లాపూర్ నుంచి కల్వకుర్తి దాకా ఒక్క బడి గేటు తెరవదు. ఉస్తాద్ ఇంకా బతికే ఉన్నారు, ఆయన చెవిన పడుతుంది. సత్తయ్య ఇంట్లో తిన్న తిండి ఉంది. ఇవన్నీ అప్పుడు ఆలోచించానని చెప్పుకుంటాను గాని, నిజానికి ఆలోచించలేదు. నోటికి ఏది తేలికో అదే వచ్చింది.

"రాదు" అన్నాను.

ఊరి పద్ధతి ప్రకారం ఎల్లయ్య లేచి, సత్తయ్య రెండు చేతులూ పట్టుకుని తప్పయిందని చెప్పాలి. చెప్పాడు. తండ్రి వయసున్న మనిషి వంగి నిలబడితే సత్తయ్య తల పక్కకు తిప్పుకున్నాడు. ఆ మధ్యాహ్నం బడిలో ఆట చేశాను. నా జీవితంలో అంత శుభ్రంగా పల్టీ ఎప్పుడూ పడలేదు. పిల్లలు బెంచీలు ఎక్కి చప్పట్లు కొట్టారు. సామాను సర్దుకుంటుంటే సత్తయ్య భోజనానికి రమ్మని వచ్చాడు. ఎందుకు చేశావని అడిగాను. నువ్వే గదా నేర్పినవ్ అన్నాడు. ఆ మాటలో ఎకసెక్కం లేదు, అదే నన్ను ఎక్కువ బాధపెట్టింది. వచ్చిన మొదటి బస్సు ఎక్కాను, అది ఎక్కడికి పోతుందో కూడా చూడలేదు.

ఎక్కడా నిలవని రోజులు

ఆ తర్వాత నాలుగేళ్లు నేను తిరిగినంత ఎవరూ తిరిగి ఉండరు. ఒక ఊళ్లో రెండో రోజు ఉండలేకపోయేవాణ్ని. ఇంటికి వస్తే గుమ్మంలోనే మళ్లీ బస్సు టైము అడిగేవాణ్ని. మా ఆవిడ ఏమైందని అడిగి అడిగి మానేసింది. ఆట బాగానే నడిచేది. చేతులు బాగానే ఉన్నాయి, మనిషే బాగా లేడు.

ఆ సంగతి జరిగిన నెలకే కల్వకుర్తి పోయి ఖాసీం సాబ్‌కు మొత్తం చెప్పాను. ఒట్టు తప్పినందుకు కొడతారనుకున్నాను. కొట్టినా బాగుండుననుకున్నాను. ఆయన ఒక పెట్రోమాక్స్ లైటు విప్పి పెట్టుకుని, కొత్త మాంటిల్ గుడ్డ కడుతున్నారు. తల ఎత్తకుండా, ఈ మాట ఆ ఊళ్లో చెప్పావా అని అడిగారు. లేదన్నాను.

"మరి నాకెందుకు చెప్తున్నవ్?" అన్నారు.

దారం ముడి వేసి, కొసలు కత్తిరించి, లైటు పైకెత్తి చూసుకున్నారు. బీబమ్మ చాయ్ తెచ్చింది. తాగి వచ్చేశాను. ఆయన బతికుండగా మళ్లీ ఆ ఇంటికి పోయే మొహం నాకు లేకపోయింది. కొత్తవాళ్లకు చెప్పేదేమిటంటే, ఉస్తాద్ దగ్గర తప్పు ఒప్పుకోవడం తేలిక. ఆయన మన మనిషి. ఎవరికి అన్యాయం జరిగిందో వాళ్ల దగ్గరికి పోవడమే అసలు పని. దాన్ని ఎన్నాళ్లు వాయిదా వేస్తే అన్నాళ్లు మీరు బస్సుల్లో ఉంటారు.

నేను నాలుగేళ్లకు పైగా వాయిదా వేశాను.

ఈలోపు ఆ ఊరి సంగతులు చెవిన పడుతూనే ఉన్నాయి. అబద్ధం ఆడిన నోటితో నీళ్లు పంచడమేమిటని రైతులు గొణిగారట. మరుసటి పంటకే నీరటి పని ఇంకొకరికి ఇచ్చారట. ఎల్లయ్య కొన్నాళ్లు మట్టిపనికి పోయి, చేతకాక, చివరికి కల్వకుర్తిలో ఒక పల్లీల మిల్లు దగ్గర కాపలాకు కుదిరాడని తెలిసింది. కల్వకుర్తి మీదుగా నేను ఎన్నిసార్లు పోయానో లెక్క లేదు. మిల్లు రోడ్డు పక్కనే ఉంటుంది. బస్సు కిటికీలోంచి ప్రతిసారీ ఇంకో పక్కకు చూసేవాణ్ని.

ఒక ఎండాకాలం పొద్దున ఆ బస్సు మిల్లు ఎదురుగా టైరు పంక్చరై ఆగింది. అందరూ దిగారు. నేనూ దిగాను. అటూ ఇటూ తిరిగాను. చాయ్ తాగాను. టైరు మార్చడం అయిపోయి డ్రైవరు హారన్ కొట్టాడు. అప్పుడు బస్సు ఎక్కకుండా రోడ్డు దాటాను. పెద్ద ధైర్యం వచ్చి కాదు, ఇంక తిరగలేకపోయాను.

గేటు లోపల నీడలో ఎల్లయ్య ఖాళీ సంచి పరుచుకుని కూర్చున్నాడు. నన్ను గుర్తుపట్టాడు. కుండలోంచి నీళ్లు ముంచి ఇచ్చాడు, కూర్చోమని పక్కనే వెదురు మోడా చూపించాడు. కూర్చుని, నీళ్లు తాగకుండానే చెప్పేశాను. సత్తయ్యకు పల్టీ వచ్చనీ, నేనే నేర్పాననీ, ఆ రోజు అది నా కళ్ల ముందు స్పష్టంగా కనిపించిందనీ, కనిపించీ రాదన్నాననీ. ఇప్పుడే ఊరికి పోదాం, అదే వరండాలో నిలబడి అందరికీ చెబుతానన్నాను. బస్సు వెళ్లిపోయిన చప్పుడు వినిపించింది.

ఆయన లారీలోంచి దించుతున్న సంచుల వైపు చూశాడు.

"చెరువు ఎండి మూడేండ్లాయె. తూమే తెరుస్తలేరు. ఎవనికి జెప్తవ్ ఇగ?"

అయినా రండి అన్నాను. మీరు చూసింది నిజమని ఊరికి తెలియాలి కదా అన్నాను. కోపం తెచ్చుకుంటాడేమో అనుకున్నాను, తెచ్చుకోలేదు. నా వైపు తిరిగి, పిల్లవాడికి దారి చెప్పినంత నెమ్మదిగా చెప్పాడు.

"నేను చూసింది నిజమో కాదో నాకు ఎరుకే. ఒకలు జెప్పుడేంది. ఆనాడు అందరు వాని చేతుల దిక్కు చూస్తుండ్రి. నేను చూడలె. నేను నీ మొకం దిక్కు చూసిన. నీకు సమజైంది. నీకు సమజైందని నాకు కండ్ల వడ్డది. ఇగ జెప్తడు, గీ పిల్లగాడు జెప్తడు అనుకున్న."

నేను మోడా మీంచి లేచి నిలబడ్డాను. ఆయన మళ్లీ కూర్చోమనలేదు.